నెల్లూరు, ఒంగోలు ఎండల్లోనూ చక్కగా కుదిరే చాక్లెట్ ముక్కల కుకీలు: ఇంట్లో చేసుకునే పద్ధతి

చాక్లెట్ ముక్కల కుకీలు చేయడం కష్టమైన పని కాదు. మైదా, వెన్న, పంచదార, బెల్లం, ఒక గుడ్డు, ఒక చాక్లెట్ బార్ ఉంటే చాలు. అయినా నెల్లూరు, కావలి, ఒంగోలు వంటి ఊళ్లలో మొదటిసారి ప్రయత్నించిన చాలామందికి అవి ట్రే నిండా పారిపోయి, ఒకదానికొకటి అతుక్కొని, అంచులు మాడి నడుమ నూనె తేలుతూ బయటకు వస్తాయి. లోపం చేసేవారి చేతిలో లేదు, అనుసరించిన కొలతల్లోనూ అంతగా లేదు. చల్లని దేశాల వంటల పుస్తకాల్లో 'గది ఉష్ణోగ్రతలో ఉన్న వెన్న' అని రాస్తే అక్కడివారికి అది 18 నుంచి 20 డిగ్రీల వెన్న. మే నెలలో మన వంటింట్లో వేడి 35 డిగ్రీలు సులువుగా దాటుతుంది, వెన్నేమో 32 నుంచి 35 డిగ్రీల మధ్యనే పూర్తిగా కరిగిపోతుంది. కాబట్టి ఆ పద్ధతిని అక్షరాలా పాటిస్తే ఓవెన్‌లోకి వెళ్లకముందే పిండి నీరుగారుతుంది. ఈ మార్గదర్శిలోని ప్రతి మెట్టునూ మన ఎండను, సముద్రపు గాలిలోని తేమను లెక్కలోకి తీసుకొని అమర్చాను.

ఈ కుకీ పుట్టింది అమెరికాలోని మసాచుసెట్స్ రాష్ట్రంలో, విట్‌మన్ అనే ఊరిలో. అక్కడ టోల్ హౌస్ ఇన్ అనే భోజన వసతిని నడిపిన రూత్ వేక్‌ఫీల్డ్ 1930ల చివరలో చాక్లెట్ బార్‌ను ముక్కలు చేసి పిండిలో కలిపి దీన్ని తయారు చేశారు. ఒకే పరిమాణంలో ఉండే చిన్న చిన్న చిప్స్ ఆ తరువాత మార్కెట్లోకి వచ్చినవే. అందువల్ల బార్ కొని ముక్కలు కోసుకోవడమే దీని అసలు పద్ధతి. మన చిన్న ఊళ్లలో చిప్స్ ప్యాకెట్టు దొరకకపోయినా చాక్లెట్ బార్ దొరుకుతుంది గనుక మనకు అనువైనదీ అదే.

కావలసినవి

కొలతలను అంగట్లో దొరికే ప్యాకెట్లకు సరిపోయేలా ఎంచుకున్నాను. ఉప్పు కలిసిన వెన్న 100 గ్రాముల ప్యాకెట్టు ఒకటి, మైదా 145 గ్రాములు, పంచదార 60 గ్రాములు, బెల్లం పొడి 80 గ్రాములు, గుడ్డు ఒకటి, పాలు ఒక టేబుల్ స్పూను, వంటసోడా అర టీస్పూను, వెనిలా ఎసెన్స్ ఒక టీస్పూను, డార్క్ చాక్లెట్ 150 గ్రాములు. పైన చల్లడానికి కొద్దిగా రాళ్ల ఉప్పు. వీటితో ఒక్కొక్కటి 40 గ్రాముల చొప్పున సుమారు 14 కుకీలు వస్తాయి.

వంటింటి కాటా ఒకటి కొనుక్కోమని గట్టిగా చెబుతాను. కప్పుతో కొలిచినప్పుడు మైదాను అదిమి నింపితే ఒక బరువు, వదులుగా నింపితే మరొక బరువు వస్తుంది. ఇంత చిన్న మోతాదులో 20 గ్రాముల మైదా తేడా వచ్చినా కుకీ గట్టి బిస్కెట్టుగానైనా మారుతుంది, పారనైనా పారుతుంది.

చాక్లెట్ ఎంపికలో ఒక్క విషయం తప్పనిసరిగా చూడాలి. ప్యాకెట్టు వెనుక పదార్థాల జాబితాలో కోకో బటర్ ఉంటే అది అసలైన చాక్లెట్. దాని స్థానంలో హైడ్రోజినేటెడ్ వెజిటబుల్ ఫ్యాట్ అని ఉంటే అది కాంపౌండ్. బేకరీ సరుకులు అమ్మే అంగళ్లలో పెద్ద పలకలుగా చవకగా దొరికేది చాలావరకు కాంపౌండే. కేకుల పైపూతకు అది ఎంతో అనుకూలమే గానీ, కుకీలో మాత్రం నోట్లో సాఫీగా కరగక మైనపు పూతను మిగులుస్తుంది. 50 నుంచి 60 శాతం కోకో ఉన్న బార్ దీనికి సరిపోతుంది. అమూల్ వారి 55 శాతం డార్క్ చాక్లెట్ 150 గ్రాముల బార్‌గా వస్తుంది గనుక, ఒక బార్ ఒక విడతకు సరిగ్గా చాలుతుంది. మిల్క్ చాక్లెట్ వాడితే కుకీ మరీ తీపైపోతుంది, ఎందుకంటే పిండిలో పంచదార, బెల్లం ముందే ఉన్నాయి. వేసవిలో అంగడి నుంచి తెచ్చిన బార్ మీద తెల్లని పొర కనిపిస్తే పారేయనవసరం లేదు. ఎండకు కరిగి మళ్లీ గడ్డకట్టినప్పుడు కోకో బటర్ పైకి తేలడం వల్ల అలా అవుతుంది, ఓవెన్‌లో అది మళ్లీ కరిగిపోతుంది.

బెల్లం విషయానికి వస్తే, విదేశీ పద్ధతుల్లో చెప్పే బ్రౌన్ షుగర్ స్థానంలో మన బెల్లం పొడి చక్కగా ఒదుగుతుంది. అందులోని తేమ కుకీ నడిమి భాగాన్ని మెత్తగా ఉంచుతుంది, స్వల్పంగా ఉండే ఆమ్ల గుణం వంటసోడాను పని చేయిస్తుంది. అచ్చు బెల్లం వాడదలచుకుంటే తురిమి, పళ్లెంలో పలుచగా పరచి, ఫ్యాను గాలికి రెండు మూడు గంటలు ఆరబెట్టి, జల్లెడ పట్టాలి. లేకపోతే ఇసుక రేణువులు పంటికి తగులుతాయి. పంచదార మొత్తాన్నీ తీసేసి బెల్లమే వేస్తే అంచులు కరకరలాడవు. బెల్లం తీసేసి పంచదారే వేస్తే కుకీ పాలిపోయి, గట్టిగా, ఒకే రుచితో ఉంటుంది. రెండూ ఉండాలి. మన పంచదార పలుకు పెద్దది కాబట్టి మిక్సీలో ఒకటి రెండు తిప్పులు తిప్పితే మేలు, పూర్తిగా పొడి కానక్కరలేదు.

వెన్న కాచడం

సాధారణంగా మెత్తని వెన్ననూ చక్కెరనూ తెల్లగా నురగ వచ్చేదాకా గిలకొట్టమంటారు. ఏసీ లేని వంటింట్లో మార్చి నుంచి జూన్ దాకా అది సాధ్యం కాదు, మిగిలిన నెలల్లోనూ నమ్మకం లేదు. అందుకే వెన్నను ముందే కరిగించి, కాచి, చల్లార్చి వాడే పద్ధతి మనకు తగినదని నా నిశ్చితాభిప్రాయం. ఎలాగూ కరిగిన వెన్నతోనే మొదలుపెడుతున్నాం గనుక, వంటింటి వేడికి అది కరిగిపోతుందన్న భయం ఉండదు. పిండికి కావలసిన బిగువును తరువాత ఫ్రిజ్ ఇస్తుంది.

నెయ్యి కాచడం తెలిసిన ఇంట్లో ఈ మెట్టుకు వేరే శిక్షణ అవసరం లేదు. అడుగు మందంగా ఉన్న చిన్న గిన్నెలో వెన్న వేసి సన్నని మంట మీద పెట్టాలి. మొదట వెన్న కరిగి, అందులోని నీరు ఆవిరవుతూ చిటపటలాడుతుంది. వెన్నలో సుమారు 16 శాతం దాకా నీరు ఉంటుంది. అది పోయేకొద్దీ చప్పుడు తగ్గుతుంది, బుడగలు చిన్నవవుతాయి, ఆపైన తెల్లని నురగ మరోసారి పైకి పొంగుతుంది. ఆ పొంగే సమయంలో గరిటెతో అడుగు గీకుతూ చూడాలి. అడుగున చేరిన గసి లేత పసుపు నుంచి ముదురు బంగారు రంగుకు మారి, కమ్మని వాసన ఇల్లంతా పరచుకోగానే గిన్నెను దించి, వెంటనే వేరొక స్టీలు గిన్నెలోకి ఒంపేయాలి. వేడి గిన్నెలోనే వదిలేస్తే అర నిమిషంలో గసి నల్లబడి చేదెక్కుతుంది. నెయ్యికైతే వడకడతాం, ఇక్కడ మాత్రం గసిని ఒక్క చుక్క కూడా వదలకూడదు. కుకీకి వచ్చే లోతైన రుచిలో సగం దానిదే.

కాచిన తరువాత గసితో సహా తూకం సుమారు 85 గ్రాములు ఉండాలి. ఆవిరైపోయిన నీటికి బదులుగానే పైన ఒక టేబుల్ స్పూను పాలు చెప్పాను. ఇంట్లో చిలికిన వెన్న వాడేవారు ఈ తూకాన్ని బట్టే వెళ్లాలి, ఎందుకంటే ఇంటి వెన్నలో నీరు ఎక్కువ. 110 లేదా 120 గ్రాములతో మొదలుపెట్టి, కాచాక 85 గ్రాములు తీసుకొని, చిటికెడున్నర ఉప్పు కలుపుకుంటే సరిపోతుంది. డబ్బాలో ఉన్న నెయ్యినే నేరుగా వాడవచ్చా అంటే, వాడవచ్చు గానీ గసి ఉండదు గనుక రుచి తగ్గుతుంది, కుకీ నాన్‌ఖటాయి వైపు మొగ్గి పొడిపొడిగా రాలుతుంది.

కాచిన వెన్న గోరువెచ్చగా అయ్యేదాకా ఆగాలి. వేసవిలో దానంతట అది చల్లారడానికి చాలా సేపు పడుతుంది కాబట్టి గిన్నెను చన్నీళ్ల పళ్లెంలో ఉంచితే త్వరగా పని అవుతుంది. గిన్నె అడుగు చేతికి వేడిగా తగలకూడదు, అలాగని వెన్న పేరుకోనూ కూడదు.

పిండి కలపడం

గోరువెచ్చని వెన్నలో పాలు, పంచదార, బెల్లం వేసి ఒక నిమిషం బాగా కలిపి, గుడ్డు కొట్టి పోసి, వెనిలా చేర్చి మళ్లీ ఒక నిమిషం విస్క్‌తో గిలకొట్టాలి. తరువాత పది నిమిషాలు కదిలించకుండా వదిలి, మరొకసారి గిలకొట్టాలి. ఈ విరామం అనవసరమనిపించవచ్చు గానీ చాలా విలువైనది. గుడ్డులోని నీటిలో పంచదార కరగడానికి సమయం దొరికితే, మిశ్రమం చిక్కబడి మెరుస్తుంది. ఆ మెరుపే కాలిన కుకీ పైన సన్నని పగుళ్ల పొరగా తేలుతుంది.

మైదానూ వంటసోడానూ కలిపి జల్లించి ఇందులో వేసి, ఇక విస్క్‌ను పక్కన పెట్టేయాలి. ఇక్కడి నుంచి కొయ్య గరిటె వాడాలి. ఉదయగిరిలో చెక్కే కొయ్య గరిటెలు ఇంట్లో ఉంటే అంతకన్నా కావలసింది లేదు. భౌగోళిక గుర్తింపు పొందిన ఆ పనితనం అలంకారానికే పరిమితం కానక్కరలేదు, వెడల్పాటి అంచుతో పిండిని అడుగు నుంచి పైకి మడవడానికి అది ఎంతో అనువుగా ఉంటుంది. తెల్లని మైదా జాడ కనిపించకుండా పోగానే కలపడం ఆపాలి. అదేపనిగా కలిపితే మైదాలోని గ్లూటెన్ అనే జిగురు సాగి, కుకీ మెత్తగా విరగక రబ్బరులా సాగుతుంది.

చాక్లెట్‌ను కోసే ముందు పావుగంట ఫ్రిజ్‌లో ఉంచి, తడి లేని కత్తితో, పొడి పలక మీద కోయాలి. ముక్కలు సెంటీమీటరు నుంచి ఒకటిన్నర సెంటీమీటర్ల దాకా ఉండాలి, అన్నీ సమానంగా ఉండాలన్న పట్టుదల అక్కరలేదు. పెద్ద ముక్కలు కరిగి మడుగులవుతాయి, కత్తి కింద రాలిన సన్నని తురుము పిండిలో చారలుగా కలిసిపోతుంది, ఆ వైవిధ్యమే ఈ కుకీకి అందం. పెద్ద ముక్కలు కొన్ని పైన అద్దడానికి తీసి పెట్టుకోవాలి. చాక్లెట్‌లోని కోకో బటర్ కూడా దాదాపు 34 డిగ్రీల దగ్గర కరుగుతుంది గనుక, పిండి ఇంకా వెచ్చగా ఉండగా ముక్కలు కలిపితే అవి కరిగి పిండి మొత్తం గోధుమ రంగుకు తిరుగుతుంది. పిండి గిన్నెను 20 నిమిషాలు ఫ్రిజ్‌లో ఉంచి, ఆ తరువాతే ముక్కలు కలపడం మంచిది.

పప్పు పలుకులు ఇష్టపడేవారు వేయించిన జీడిపప్పు 40 గ్రాములు వేసుకోవచ్చు. ఒకప్పుడు ప్రకాశం జిల్లాలో ఉండి, ఇప్పుడు బాపట్ల జిల్లాలోకి వెళ్లిన వేటపాలెం జీడిపప్పుకు పేరు పొందిన ఊరు. అక్కడి బద్దలు తెచ్చుకుంటే గుండ్లకన్నా చవకగా వస్తాయి, ఎలాగూ ముక్కలుగానే వాడతాం. అలా వేసినప్పుడు చాక్లెట్ 120 గ్రాములకు తగ్గించుకోవాలి.

ఉండలు, ఫ్రిజ్

పిండి మరీ గట్టిపడకముందే 40 గ్రాముల ఉండలుగా విడదీయాలి. అరచేతుల మధ్య చుట్టితే చేతి వేడికి వెన్న కరుగుతుంది గనుక రెండు స్పూన్లతో గానీ, ఐస్‌క్రీమ్ గరిటెతో గానీ తీసి పెట్టాలి. ఉండ వెడల్పు కన్నా ఎత్తు కాస్త ఎక్కువ ఉండాలి. పైన రెండు మూడు చాక్లెట్ ముక్కలు అద్ది, గట్టి మూత ఉన్న డబ్బాలో సర్ది ఫ్రిజ్‌లో పెట్టాలి. మూత బిగువుగా ఉండటం ముఖ్యం, ఎందుకంటే వెన్న పక్కనున్న ప్రతి వాసననూ పీల్చుకుంటుంది. మన ఇళ్ల ఫ్రిజ్‌లలో చేపల పులుసు ఉండటం అరుదేమీ కాదు.

కనీసం రెండు గంటలు, వీలైతే ఒక రాత్రంతా ఉంచాలి. ఈ మెట్టును ఎవరూ దాటవేయకూడదు. గట్టిపడిన వెన్న ఓవెన్‌లో ఆలస్యంగా కరుగుతుంది, అది కరిగి పారేలోపే అంచులు కాలి నిలబడతాయి. అంతసేపట్లో మైదా తేమను పూర్తిగా పీల్చుకోవడం వల్ల రుచి కూడా చిక్కబడుతుంది. కరెంటు పోతుందన్న అనుమానం ఉన్న రోజున ఫ్రిజ్ తలుపు తెరవకుండా ఉంటే చాలు, నాలుగు గంటల దాకా ఉండలు చెడిపోవు.

కాల్చడం

ఓటీజీని, అంటే ఇళ్లలో వాడే చిన్న కరెంటు ఓవెన్‌ను, 180 డిగ్రీల వద్ద, కనీసం 15 నిమిషాలు ముందుగా వేడి చేయాలి. చిన్న ఓటీజీల్లో పై రాడ్ ట్రేకు మరీ దగ్గరగా ఉండి పైభాగాన్ని మాడుస్తుంది, కాబట్టి ముందుగా వేడి చేసేటప్పుడు రెండు రాడ్లూ, కాల్చేటప్పుడు కింది రాడ్ మాత్రమే పెట్టి, ట్రేను నడిమి అరలో ఉంచాలి. కన్వెక్షన్ మైక్రోవేవ్ అయితే ఫ్యాను గాలి వల్ల వేడి త్వరగా తగులుతుంది గనుక 170 డిగ్రీలు చాలు. ఈ పరికరాల మీది అంకెలను పూర్తిగా నమ్మడానికి లేదు, అసలు వేడి 10 లేదా 20 డిగ్రీలు అటూ ఇటూ ఉండవచ్చు. అందువల్ల మొదట ఒకే ఒక్క ఉండను కాల్చి చూడటం ఉత్తమం.

ట్రేకు వెన్న రాయకూడదు, రాస్తే కుకీ జారి పలుచబడుతుంది. బేకింగ్ పేపరు పరచి, ఉండలను నాలుగు వేళ్ల ఎడంతో పెట్టి, ఫ్రిజ్ నుంచి తీసిన వెంటనే ఓవెన్‌లోకి పంపాలి. పొట్లాలు కట్టే మామూలు పలుచని కాగితం వేడికి మాడుతుంది గనుక అంగట్లో అడిగి బేకింగ్‌కు పనికివచ్చేదే తెచ్చుకోవాలి.

11 నుంచి 13 నిమిషాలు పడుతుంది, బెల్లం ఉన్నందున రంగు త్వరగా వస్తుంది కాబట్టి 10వ నిమిషం నుంచి చూస్తూ ఉండాలి. అంచు చుట్టూ వేలు మందాన బంగారు రంగు తిరిగి, నడుమ ఇంకా పచ్చిగా, ఉబ్బుగా, మెత్తగా కనిపిస్తున్నప్పుడే బయటకు తీయాలి. నడిమి భాగం కూడా కాలినట్టు కనిపించేదాకా ఆగితే, చల్లారాక అది కొరకలేనంత గట్టిపడుతుంది. ట్రే తీయగానే కుకీ కన్నా కాస్త పెద్ద గ్లాసును బోర్లించి దాని చుట్టూ గుండ్రంగా తిప్పితే వంకర అంచులు లోపలికి సర్దుకుంటాయి. వేడి మీదనే రెండు మూడు పలుకుల రాళ్ల ఉప్పును నలిపి చల్లాలి. మన తీరంలో ఇసుకపల్లి వంటి చోట్ల మళ్లలో పండే ముతక ఉప్పు దీనికి బాగుంటుంది, తీపినీ చాక్లెట్ చేదునూ రెండింటినీ అది నిలబెడుతుంది.

ట్రే మీదే పది నిమిషాలు వదలాలి, అంతకుముందే ముట్టుకుంటే విరిగిపోతాయి. తరువాత గాలి ఆడే జాలీ మీదకు మార్చాలి. రెండో విడతను వేడి ట్రే మీద పెట్టకూడదు, ట్రేను కుళాయి కింద చల్లబరచి, తుడిచి వాడాలి.

ఓవెన్ లేనివారికి

అడుగు మందమైన బాండలిలో కప్పు ఉప్పు పరచి, పైన చిన్న స్టాండు పెట్టి, గట్టి మూతతో పది నిమిషాలు మధ్యస్థ మంట మీద వేడి చేయాలి. 25 గ్రాముల చిన్న ఉండలను మూడు నాలుగు చొప్పున పళ్లెంలో పెట్టి, మంట తగ్గించి 18 నుంచి 22 నిమిషాలు ఉంచాలి. వేడి కింది నుంచే వస్తుంది గనుక పైన రంగు అంతగా రాదు, రుచికి లోటుండదు. ప్రెషర్ కుక్కర్‌ను నీళ్లు లేకుండా అంతసేపు వేడి చేస్తే అది పాడవుతుంది, నాన్‌స్టిక్ పాత్రలు అసలే పనికిరావు.

గుడ్డు తినని ఇళ్లలో

గుడ్డుకు బదులుగా మరో రెండు టేబుల్ స్పూన్ల పాలలో ఒక టీస్పూను మొక్కజొన్న పిండి కలిపి పోయవచ్చు. కుకీ కొంచెం తక్కువ పారుతుంది, కొంచెం ఎక్కువ కరకరలాడుతుంది. ఉండలను కాల్చే ముందు అరచేత్తో స్వల్పంగా అదమాలి. పెరుగు వేయమని కొందరంటారు గానీ దానితో కుకీ కేకులా ఉబ్బి మెత్తబడుతుంది.

తేడా వస్తే ఎక్కడ చూడాలి

కుకీలు పారిపోతే దాదాపు ఎప్పుడూ కారణం చల్లదనం చాలకపోవడమే. మిగిలిన ఉండలను అరగంట ఫ్రీజర్‌లో పెట్టి మళ్లీ కాల్చి చూడండి. అప్పటికీ పారితే మిగిలిన ఉండలను మళ్లీ ఒకటిగా కలిపి ఒక టేబుల్ స్పూను మైదా చేర్చాలి. అసలు విచ్చుకోకుండా ఉండలాగే మిగిలిపోతే మైదా ఎక్కువైనట్టు. అడుగు మాడి పైన పచ్చిగా ఉంటే ట్రే కింది రాడ్‌కు దగ్గరగా ఉంది, లేదా నల్లని ట్రే వాడారు. ఒక అర పైకి జరపాలి. సబ్బు వంటి రుచి తగిలితే వంటసోడా కొలత మించింది, దాన్ని అంచనాగా కాక స్పూను అంచుకు గీసి కొలవాలి.

నిల్వ

పూర్తిగా చల్లారాకే స్టీలు డబ్బాలో వేయాలి, వెచ్చగా ఉండగా మూత పెడితే ఆవిరి చేరి మెత్తబడతాయి. బిగువైన మూత ఉంటే ఐదు రోజులు బాగుంటాయి. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వాయుగుండాలూ ముసురూ పట్టే రోజుల్లో, ఉదయం తెరిచిన డబ్బాలోని కుకీలు సాయంత్రానికే అంచు కరకర కోల్పోతాయి. అప్పుడు 150 డిగ్రీల ఓవెన్‌లో నాలుగైదు నిమిషాలు వెచ్చబెట్టి చల్లార్చితే అంచు మళ్లీ గట్టిపడుతుంది. చీమల భయం ఉన్న ఇళ్లలో డబ్బాను నీళ్ల పళ్లెంలో పెట్టడమే మందు.

అయితే కాల్చిన కుకీలను నిల్వ చేయడం కన్నా కాల్చని ఉండలను ఫ్రీజర్‌లో దాచడమే నాకు నచ్చిన మార్గం. ఒకదానికొకటి తగలకుండా పళ్లెంలో గడ్డకట్టించి, ఆపైన గాలి చొరని కవరులోకి మార్చితే రెండు నెలలు నిలుస్తాయి. చుట్టాలు వచ్చినప్పుడు కావలసినన్ని మాత్రమే తీసి, కరగనివ్వకుండా అలాగే ఓవెన్‌లో పెట్టి, మామూలు సమయం కన్నా రెండు నిమిషాలు అదనంగా కాల్చాలి.